సిగ్నల్ దగ్గర ఆగని ఇంటి కోడలు

నేను డ్రైవింగ్ బాగా నేర్పుతాను. ఈ మాట నా నోటితో నేనే చెప్పుకోవడం మా ఆయనకు నచ్చదు గానీ, నిజం నిజమే. షికాగో పక్కన షామ్‌బర్గ్‌లో ఉన్న రోజుల్లో మా తెలుగు చర్చిలో మొదట లైసెన్స్ తెచ్చుకున్న ఆడదాన్ని నేనే. ఆ తరవాత ఎనిమిది మంది ఆడవాళ్ళకు నేర్పాను. ఎనిమిది మందీ మొదటిసారికే పాసయ్యారు. తొమ్మిదో ఆవిడ మాత్రం రెండుసార్లు తప్పింది. ఆ తొమ్మిదో ఆవిడ ఇరాన్ రాజవంశంలో ఒక కోడలు. ఆ రెండు తప్పుల్లో ఒకటి ఆవిడది, ఇంకొకటి నాది. నాది ఇప్పుడే చెప్పను. దాని వంతు వచ్చినప్పుడు చెప్తాను.

డెబ్బై ఎనిమిది చివర్లో ఆవిడ మా అపార్ట్‌మెంట్ కింది వాటాలోకి వచ్చింది. ఆ వాటా ఆవిడ తమ్ముడిది. అతను షికాగోలో చదువుకుని అక్కడే ఇంజనీరుగా పనిచేస్తుండేవాడు. ఆవిడ కంటి వైద్యానికని రెండు పెట్టెలతో వచ్చింది, రెండు నెలలుండి వెళ్ళిపోదామని. భర్త అంతకు కొన్నేళ్ళ ముందే గుండెజబ్బుతో పోయాడు. ఆయన రాజుగారికి దాయాది వరస. ఇవన్నీ నాకు తరవాత తెలిసిన సంగతులు.

మొదటిసారి ఆవిడ నాకు బిల్డింగు అద్దాల తలుపు దగ్గర కనిపించింది. నేను ఆస్పత్రిలో నర్సుని, పగలు డ్యూటీ ముగించుకుని వస్తున్నాను. తలుపుకి లోపలి వైపు ఒకావిడ నిటారుగా నిలబడి ఉంది. వయసు నలభై అయిదు దాటి ఉంటుంది. బూడిదరంగు కోటు, మెడలో సన్నటి ముత్యాలు. తలుపు ఇరుక్కుపోయిందేమో అనుకుని గట్టిగా లాగాను. సులువుగానే వచ్చింది. ఆవిడ తల కొద్దిగా వంచి, థాంక్యూ అని, నా పక్కనించి వెళ్ళిపోయింది. మరుసటి వారం మళ్ళీ అదే చోట, అలాగే నిలబడి ఉంది. అప్పుడు అర్థమైంది. తలుపు ఇరుక్కోలేదు, ఎవరో ఒకరు వచ్చి తీస్తారని ఆవిడ ఎదురుచూస్తోంది.

నాకు ఒళ్ళు మండింది. అయినా ఇరుగుపొరుగు కదా అని ఊరుకున్నాను. క్రిస్మస్ ముందు బాగా మంచు పడిన రోజున తమ్ముడు ఊళ్ళో లేడట, కంటి డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళగలరా అని ఆవిడే పైకి వచ్చి అడిగింది. సరేనన్నాను. మాకో పెద్ద గోధుమరంగు స్టేషన్ వేగన్ ఉండేది. నేను తాళం తీసి నా సీట్లో కూర్చునేసరికి ఆవిడ వెనక తలుపు తీసుకుని, వెనక సీట్లో కుడివైపు, చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది.

ఇక్కడ మా నాన్న గురించి ఒక మాట చెప్పాలి. గుంటూరు వైపు ఒక మిషన్ ఆస్పత్రిలో మా నాన్న జీపు డ్రైవరు. డాక్టరమ్మగారు, దొరగార్లు వెనక కూర్చునేవారు. వాళ్ళు ఎక్కేదాకా మా నాన్న తలుపు పట్టుకుని నిలబడేవాడు. నేను నర్సింగ్ చదివి, దేశం దాటి వచ్చి, సొంత కారు కొనుక్కున్నాక నా వెనక సీట్లో ఒకావిడ అలా కూర్చుంటే నాకెలా ఉంటుంది?

"ఏమమ్మా, నేనేమైనా నీ డ్రైవరునా?" అని తెలుగులోనే అరిచి, తరవాత అదే మాట ఇంగ్లీషులో అన్నాను.

ఆవిడ మొహం కందిపోయింది. తరవాత దిగి, ముందు తలుపు తీసి నా పక్కన కూర్చుంది. "క్షమించండి. ముందు సీట్లో నేనెప్పుడూ కూర్చోలేదు. అక్కడ నా చోటు కాదనుకున్నాను" అంది. నాటకం కాదు, నిజంగానే అంది. బెల్టు పెట్టుకోవడం నేనే చూపించాను. ఆ రోజు నించి నన్ను పేరుతో పిలవక, టీచర్ అనేది. వాళ్ళ దేశంలో అమ్మగారిని ఖానుమ్ అంటారట, నేను అలా పిలిచేదాన్ని. మా మాటలన్నీ ఇంగ్లీషులోనే. ఆవిడది ఫ్రెంచి వాసన, నాది గుంటూరు వాసన. ఇక్కడ తెలుగులో రాస్తున్నాను.

కొత్త సంవత్సరం రాగానే వాళ్ళ రాజు దేశం విడిచి వెళ్ళిపోయాడు. ఫిబ్రవరిలో అంతా అయిపోయింది. వాళ్ళ టీవీ పాడైందని వార్తలు చూడ్డానికి ఆవిడ మా ఇంటికి వచ్చేది. జనం వీధుల నిండా ఉన్నారు. ఒకచోట రాజుగారి విగ్రహానికి తాళ్ళు కట్టి లాగుతున్నారు. ఆవిడ టీ కప్పు చేత్తో పట్టుకుని, "ఇది మా వీధి. ఆ గోడ వెనకాల మా ఇల్లు" అంది, మన వీధి మనం చూపించుకున్నట్టు. మా ఆయన మర్యాదకి టీవీ ఆపబోయాడు.

"వద్దు, ఉండనివ్వండి. నేను మనుషుల్ని చూస్తున్నాను" అంది. "ఇరవై రెండేళ్ళు ఈ వీధిలో తిరిగాను. వీళ్ళలో ఒక్క మొహం కూడా నాకు తెలియదు."

"అన్నేళ్ళూ అక్కడే ఉన్నారుగా?" అన్నాడు మా ఆయన.

"కారుకి తెరలుండేవి" అంది.

అప్పుడు ఆవిడ మీద నాకు జాలి కలగలేదు. ఉన్న సంగతి చెప్తున్నాను. ఆవిడ వైపు కన్నా ఆ తాళ్ళు లాగేవాళ్ళ వైపే నా మనసు మొగ్గింది. డ్రైవరు కూతుర్ని కదా. కానీ ఆవిడ వెళ్ళిపోయాక కడుగుదామని కప్పు తీస్తే అందులో టీ అలాగే ఉంది, పైన తెట్టు కట్టి. గంటన్నర సేపు ఆవిడ ఒక్క గుక్క కూడా తాగలేదు.

ఆ ఏడాది తమ్ముడికి టెక్సాస్‌లో ఉద్యోగం దొరికింది. ఆవిడ ఉండడానికీ పని చెయ్యడానికీ కావలసిన కాగితాలు అతనే సంపాదించిపెట్టాడు. కానీ పని చెయ్యమని కాదు. నా దగ్గరికి వచ్చెయ్, మా ఇంట్లో పై గది ఇస్తాను, హాయిగా కూర్చుని ఉండు అన్నాడట. ఆవిడ నాతో చెప్తూ, "నలభై ఆరేళ్ళు కూర్చునే ఉన్నాను టీచర్. ఇంక కూర్చోలేను" అంది. ఆ మాటకి ఆవిడ నాకు నచ్చింది. అక్కడ నించి నేను ఆవిడ పక్షం.

తరవాత సంవత్సరం వసంతంలో పన్నెండు మైళ్ళ అవతల కేథలిక్ సిస్టర్లు నడిపే ఆడపిల్లల బడిలో ఫ్రెంచి టీచరు ఉద్యోగం ఇస్తామన్నారు. ఆగస్టు ఆఖరి సోమవారం బడి తెరుస్తారు. అక్కడికి బస్సు లేదు, రైలు లేదు. లైసెన్స్ ఉంటేనే ఉద్యోగం అని పెద్ద సిస్టరు స్పష్టంగా రాసింది. ఉద్యోగం లేకపోతే టెక్సాస్‌లో పై గది. అప్పటిదాకా వాటా అద్దె పంపుతున్న తమ్ముడు సెప్టెంబరు మొదట్లో వచ్చి తీసుకెళ్తానని చెప్పేశాడు. ఉత్తరం నా చేతికిచ్చి, "నేర్పుతారా?" అంది.

"నేర్పడమేంటి, పాస్ చేయిస్తాను" అన్నాను.

అవి మంచి రోజులు కావు. అంతకుముందు నవంబరులో వాళ్ళ దేశంలో అమెరికా వాళ్ళని బందీలుగా పట్టుకున్నారు. అప్పటినించీ మా రంగు మనుషుల్ని చూస్తే చాలు, పెట్రోలు బంకుల్లో మొహం తిప్పుకునేవాళ్ళు, కారు అద్దం దించి తిట్టేవాళ్ళు. మా ఆయన కారు వెనక అద్దానికి మేము ఇండియా వాళ్ళం అని ఇంగ్లీషులో రాసిన కాగితం అంటించాడు. చర్చిలో ఒకావిడ నన్ను పక్కకి పిలిచి చెప్పింది.

"ఎందుకక్కా నీకా తంటా? గ్రీన్ కార్డ్ ప్రాసెస్‌లో ఉందంటున్నావ్. ఎవరైనా కంప్లైంట్ చేస్తే ఫైల్ మొత్తం హోల్డ్‌లో పెట్టేస్తారు."

"పెట్టనీ. కారు నాది, పెట్రోలు నాది. నోరు కూడా నాదే" అన్నాను. ఆవిడ వందనాలు చెప్పి వెళ్ళిపోయింది.

ఇప్పుడు నా పాఠం వరస చెప్తాను. సీటు సర్దుకోవాలి. అద్దాలు సర్దుకోవాలి. బెల్టు పెట్టుకోవాలి. తల వంచి ప్రార్థన చేసుకోవాలి. అప్పుడు తాళం తిప్పాలి. మా నాన్న జీపు తాళం తిప్పే ముందు స్టీరింగు మీద రెండు చేతులూ పెట్టి, కళ్ళు మూసుకుని ఒకటే ప్రార్థన చేసేవాడు. "తండ్రీ, ఎదురొచ్చేవాళ్ళని కాపాడు. పక్కన నడిచేవాళ్ళని కాపాడు. ఆ తరవాత మమ్మల్ని కాపాడు. ఆమెన్." దొరగారు వెనక ఎంత తొందరపెట్టినా ఆ నాలుగు ముక్కలూ అయ్యేదాకా బండి కదిలేది కాదు. మా చర్చిలో అందరిళ్ళలోనూ ప్రయాణానికి ముందు ప్రార్థన అలవాటే. నా దగ్గర నేర్చుకున్నవాళ్ళకి మాత్రం మా నాన్న మాటలే వచ్చాయి. ఖానుమ్ కూడా వాటిని అక్షరం పొల్లు పోకుండా నేర్చుకుంది. ఆవిడ ముస్లిం కదా, అభ్యంతరం ఉంటుందేమో అని నాకు ఒక్కసారి కూడా తట్టలేదు. ఆవిడ అడగనూ లేదు.

మొదటి నెలంతా మాల్ పార్కింగ్ స్థలంలోనే తిప్పాను. చెయ్యి నెమ్మది, కాలు నెమ్మది. చెప్పింది చెప్పినట్టు చేసేది. నాకు గర్వంగా ఉండేది, నా పేరు నిలబెడుతుందనుకున్నాను. మొదటిసారి రోడ్డు మీదికి తీసుకెళ్ళిన రోజున సిగ్నల్ ఎర్రగా ఉంటే, ఆవిడ అదే నెమ్మదితో, తల తిప్పకుండా, దాని కింద నించి పోనిచ్చేసింది. రెండు వైపుల నించీ హారన్లు. నా వైపు బ్రేకు లేదు. అయినా రెండు కాళ్ళూ కారు నేలకేసి తొక్కాను.

"పక్కకి ఆపు! ఆపు తల్లీ, ఆపు!"

ఒక గడ్డి మైదానం పక్కన ఆపించాను. ఎర్రగా ఉంటే ఆగాలని తెలీదా, పుస్తకంలో చదివి రాతపరీక్ష పాసయ్యావు కదా అని అరిచాను. ఆవిడ చేతులు ఇంకా స్టీరింగు మీదే ఉన్నాయి.

"తెలుసు. కానీ ఎప్పుడూ చూడలేదు" అంది. "మా కారు ఎక్కడా ఆగేది కాదు. మేం బయల్దేరే ముందే వీధులు ఆపేవారు. అందరూ ఆగేవారు, మేం వెళ్ళేవాళ్ళం."

"ఎంతసేపు ఆపేవారు?"

ఆవిడ స్టీరింగు మీంచి చేతులు తీసి ఒళ్ళో పెట్టుకుంది. "మేం గేటు దాటేదాకా. నేను ఆలస్యం చేస్తే అంతసేపూ. ఒకసారి ముత్యాలు పెట్టుకోవాలా, పచ్చలు పెట్టుకోవాలా అని నాకు తేలలేదు. గంట పట్టింది."

నేను నర్సుని. అడక్కుండా ఉండలేకపోయాను. "ఆగినవాళ్ళలో ఆస్పత్రికి వెళ్ళేవాళ్ళుంటే?"

"నాకు తెలియదు" అంది ఆవిడ. "తెలియదు టీచర్." నేను తలుపు తీసుకుని దిగి, అటు వైపు వెళ్ళి, ఆవిణ్ణి నా సీట్లోకి జరగమని, ఇంటికి నేనే నడిపాను. దారిలో ప్రతి సిగ్నల్ దగ్గరా ఆవిడ పక్క కార్లలోకి తేరిపార చూడడం గమనించాను.

మొదటి పరీక్ష జూలైలో. కాగితం మీద పుట్టిన దేశం రాసే చోట ఆవిడ పెన్ను ఎత్తగానే నేను చెవిలో, "ఇండియా అని రాయలేవు గానీ, నా చీర కట్టుకుని వచ్చుంటే కాస్త కలిసొచ్చేది" అన్నాను. "నా దగ్గర మిగిలింది ఆ పేరొక్కటే" అని, ఇరాన్ అని నిండుగా రాసింది. పరీక్ష చేసేవాడు పొడుగ్గా, జుట్టు పొట్టిగా, చూయింగ్ గమ్ నములుతూ ఉన్నాడు. కాగితం చూసి నమలడం ఆపాడు. ఆ రోజు అతను కార్లో కూర్చుంటూనే ఇంజను ఆన్ చేయించి, తొందరగా బయల్దేరమన్నాడట. ప్రార్థనకి సందు దొరకలేదు. నాలుగు రోడ్ల కూడలిలో, ముందొచ్చినవాళ్ళు ముందు వెళ్ళాలి కదా, ఆవిడ ఆగింది గానీ వంతు చూసుకోకుండా ముందుకి పోనిచ్చింది. ఫెయిల్. ఇది ఆవిడ తప్పు.

జూలై చివర్లో వాళ్ళ రాజు పరాయి దేశంలో చనిపోయాడని వార్త వచ్చింది. దేశం దేశం తిరిగి, ఉండనిచ్చేవాళ్ళు కరవై, జబ్బుతో పోయాడు. ఆ మధ్యాహ్నం ఇంక పాఠం ఉండదనుకున్నాను. సరిగ్గా నాలుగింటికి ఆవిడ నల్ల గౌను వేసుకుని కారు దగ్గర నిలబడి ఉంది.

"ఇవాళ వద్దులే ఖానుమ్."

"ఇవాళ రివర్స్ పార్కింగ్ అన్నారు" అంది. గంటసేపు వెనక్కి నడిపించాను. ఒక్కసారి కూడా గీత తొక్కలేదు. కారు ఆపాక మాత్రం స్టీరింగు మీద నుదురు ఆనించి ఏడ్చింది. నేను వీపు మీద చెయ్యి వేసి కూర్చున్నాను. నాకూ కళ్ళనీళ్ళు వచ్చాయి. ఆ రాజు కోసం కాదు, ఆవిడ కోసం.

రెండో పరీక్ష ఆగస్టు మధ్యలో. మళ్ళీ ఆ గమ్ నమిలేవాడే. నేను కొంచెం దూరంలో, చెట్టు నీడలో నిలబడ్డాను. ఆవిడ సీటు సర్దుకుంది, అద్దాలు సర్దుకుంది, బెల్టు పెట్టుకుంది. తరవాత రెండు చేతులూ స్టీరింగు మీద పెట్టి, కళ్ళు మూసుకుని, తల వంచి పెదాలు కదపడం మొదలుపెట్టింది. పక్క సీటువాడు ఒకసారి ఆవిణ్ణి చూశాడు, ఇంకొకసారి చూశాడు, తలుపు తోసుకుని దిగేశాడు.

నేను పరిగెత్తుకుంటూ వెళ్ళాను. "ఈవిడేదో మంత్రం చదువుతోంది, నేను ఈ కార్లో కూర్చోను" అన్నాడు. అది ప్రార్థన అయ్యా, నేనే నేర్పాను అన్నాను. "కళ్ళు మూసుకుని కారు నడపమని నేర్పారా?" అని ఫెయిల్ అని రాసేసి లోపలికి వెళ్ళిపోయాడు. నేను కౌంటరు దాకా వెళ్ళి దెబ్బలాడాను. ఏం లాభం లేదు. మూడోసారి కూడా తప్పితే మళ్ళీ మొదటి నించీ దరఖాస్తు పెట్టుకోవాలన్నారు. అంటే ఉద్యోగం పోయినట్టే.

తిరిగొచ్చేటప్పుడు అడిగాను. "పరీక్షలో ఎందుకు చేశావు తల్లీ?"

ఆవిడ ఆశ్చర్యంగా చూసింది. "చెయ్యకూడదా? అది ఈ దేశపు రూలనుకున్నాను."

"రూలా?"

"మీ కార్లో చేస్తారు. మీ చర్చి ఆడవాళ్ళ కార్లలో ఎక్కినా చేశారు. అమెరికాలో నేను ముందు సీట్లో కూర్చున్న కార్లన్నీ అవే. అందరూ తాళం ముందు తల వంచారు."

"మరి మీ తమ్ముడు చెయ్యడు కదా?"

"వాడు మొదటినించీ అజాగ్రత్త మనిషి" అంది.

నవ్వాలో ఏడవాలో తెలీలేదు. కారు పక్కకి ఆపి రెండూ చేశాను. తెలుగు ప్రార్థనని అమెరికా ట్రాఫిక్ రూలు చేసింది నేనే. ఇంటికి వెళ్ళగానే నా పాత శిష్యురాళ్ళకి వరసగా ఫోన్ చేశాను. పరీక్షలో ప్రార్థన చేసుకున్నావా అని అడిగితే, ఒక్కొక్కతే, "అయ్యో అక్కా, పరీక్షవాడి ముందు కార్లో ఎందుకు చేస్తాం? ముందే పార్కింగ్‌లో నిలబడి చేసేసుకున్నాం" అంది. నా మొదటి పరీక్షప్పుడు పక్కన కూర్చున్నది ఒక ముసలి నల్లాయన. నేను ప్రార్థన ముగించేసరికి నాతోపాటు ఆమెన్ అన్నాడు. అంతే, అది అందరికీ చెల్లుతుందని నేను రాసిపెట్టుకున్నాను. ఇది నా తప్పు. మా ఆయన భోజనం దగ్గర, "మీ డ్రైవింగ్ కాలేజీ ప్రిన్సిపాల్ గారు ఏమంటున్నారు?" అన్నాడు. ఆ రోజు ఆయనకి కూర రెండోసారి వడ్డించలేదు.

మూడో పరీక్ష శుక్రవారం. సోమవారం బడి. పెద్ద సిస్టరు శుక్రవారం సాయంత్రం దాకా చూస్తానంది. నేను దారి పొడుగునా చెప్పాను, ప్రార్థన మానెయ్, మనసులో కూడా వద్దు అని.

"అది లేకపోతే నా చేతులు ఆడవు. మొదటిసారి చూశారుగా" అంది. "అక్కడినించే నా చేతులకి పని తెలుస్తుంది."

"ఈసారి నా మాట విను. ఇంక నాలుగోసారి లేదు."

ఆవిడ సీటు సర్దుకుంది, అద్దాలు సర్దుకుంది. మళ్ళీ గమ్ నమిలేవాడే వచ్చాడు. ఆవిడ అతను కూర్చునేదాకా ఆగి, అద్దం దించి, నన్ను దగ్గరికి రమ్మంది. తరవాత అతని వైపు తిరిగి, సభలో మాట్లాడినట్టు స్పష్టంగా చెప్పింది.

"అయ్యా, బయల్దేరే ముందు నేను నాలుగు మాటలు చెప్పుకుంటాను. నాకు అలాగే నేర్పారు. మీరు అనుమతిస్తే చెప్తాను. కళ్ళు తెరిచే ఉంచుతాను."

"అంటే ఏమిటి వాటి అర్థం?" అన్నాడు.

"నాకు తెలియదు. మా టీచర్‌ని అడగండి."

నాకప్పుడు సిగ్గేసింది. అయిదు నెలలు ఆ మాటలు వల్లె వేయించాను, అర్థం మాత్రం ఒక్క రోజూ చెప్పలేదు. నేను చెప్పాను. దేవుడా, మాకు ఎదురుగా వచ్చేవాళ్ళని కాపాడు, రోడ్డు పక్కన నడిచేవాళ్ళని కాపాడు, ఆ తరవాత మమ్మల్ని కాపాడు. అంతే, ఇంకేం లేదు అన్నాను.

అతను నమలడం ఆపాడు. "నేను ఏ జాబితాలో ఉన్నాను?"

"ఇవాళ ఆఖరి దాంట్లో. కార్లో కూర్చున్నారుగా" అన్నాను.

అతను నవ్వలేదు గానీ, సరే కానివ్వండి అన్నాడు. ఆవిడ వెంటనే మొదలుపెట్టలేదు. నా వైపే చూస్తోంది.

"ఎదురొచ్చేవాళ్ళు ముందా?"

"ముందే."

"మనం తరవాతా?"

"తరవాతే. అది మా నాన్న పెట్టిన వరస."

"మీ నాన్నగారు ఎవరు?"

"డ్రైవరు" అన్నాను.

ఆవిడ తల ఊపింది. రోడ్డు వైపు చూస్తూ, కళ్ళు తెరిచే, నెమ్మదిగా ఆ మాటలన్నీ చెప్పింది. అంతకుముందు వందసార్లు చెప్పింది గానీ ఇలా ఎప్పుడూ చెప్పలేదు. తరవాత తాళం తిప్పింది.

ఇరవై నిమిషాలు చెట్టు కింద నిలబడ్డాను. ప్రసవం గది బయట మగవాళ్ళు అటూ ఇటూ తిరుగుతుంటే కసిరేదాన్ని, ఆ రోజు నేనూ అలాగే తిరిగాను. కారు తిరిగొచ్చి గీతల మధ్య ఆగింది. గమ్ నమిలేవాడు దిగి, నా పక్కనించి వెళ్తూ, "కూడలి దగ్గర మరీ ఎక్కువసేపు ఆగుతోంది. అందరికీ దారి ఇచ్చేస్తోంది. ఆ సంగతి కాస్త చూడండి" అని కాగితం నా చేతిలో పెట్టాడు. పాస్.

నేను ఆ పార్కింగ్ స్థలంలోనే కేక పెట్టాను. ఆవిడ కేక పెట్టలేదు. పెద్ద సిస్టరుకి అక్కడి పబ్లిక్ ఫోన్ నించే చెప్పి వచ్చి, మళ్ళీ డ్రైవర్ సీట్లో కూర్చుంది. ఇంటి దగ్గర కూడలిలో ఒక ముసలాయన పాత కారుతో మాతోపాటే వచ్చి ఆగాడు. ఆవిడ చేత్తో, మీరు వెళ్ళండి అని చూపించింది. అతను చెయ్యెత్తి నవ్వి వెళ్ళిపోయాడు. ఆవిడ ఆ కారు వెళ్ళిన వైపే చూస్తూ, "టీచర్, ఆగి నిలబడి ఉన్నవాళ్ళని మీ భాషలో ఏమంటారు?" అంది.

"ఆగి నిలబడ్డవాళ్ళు అంటాం. ఎందుకు?"

"ఊరికే" అంది. రెండుసార్లు పలికి చూసుకుంది. వెనకవాడు హారన్ కొట్టాడు, కదిలాం.

సెప్టెంబరు మొదట్లో తమ్ముడు టెక్సాస్ నించి వచ్చాడు. కొత్తగా కొనుక్కున్న పాత కార్లో ఆవిడే ఎయిర్‌పోర్టుకి వెళ్ళి అతన్ని తీసుకొచ్చింది. తిరిగి పంపేటప్పుడు కూడా ఆవిడే దింపింది, ఒక్కణ్ణే. తరవాత బడి దగ్గర్లో వాటా తీసుకుని మారిపోయింది. ఎనభై నాలుగులో మా ఆయనకి చిప్‌ల కంపెనీలో ఉద్యోగం వచ్చి మేం అరిజోనాలో చాండ్లర్ వెళ్ళిపోయాం. కొన్నేళ్ళు క్రిస్మస్ కార్డులు నడిచాయి. తరవాత అవీ ఆగిపోయాయి.

ఎనభైల చివర్లో ఒక ఆదివారం ఉదయం తెలుగువాళ్ళ పిక్నిక్‌కి మా పక్కింటి అమ్మాయి తన కార్లో నన్ను ఎక్కించుకుంది. పెళ్ళై రెండేళ్ళయిందేమో, షికాగో దగ్గరి నేపర్‌విల్ నించి కొత్తగా వచ్చారు. డాష్‌బోర్డు మీద చిన్న వినాయకుడి బొమ్మ. సీటు సర్దుకుంది, అద్దాలు సర్దుకుంది, బెల్టు పెట్టుకుంది. రెండు చేతులూ స్టీరింగు మీద పెట్టి, రోడ్డు వైపు చూస్తూ ఆగింది.

"ఒక్క నిమిషం ఆంటీ, ఏమీ అనుకోకండి. ఇది చెప్పుకోకపోతే నాకు చేతులాడవు. డ్రైవింగ్ నేర్పినావిడ అలవాటు చేసేసింది. మా కాంప్లెక్స్‌లో ఒక ఇరానీ ఆంటీ ఉండేది లెండి, ఫ్రెంచ్ టీచర్. చిత్రమేంటంటే తెలుగులోనే చెప్పేది."

చెప్పుకోమన్నట్టు తల ఊపాను.

"తండ్రీ, ఆగి నిలబడ్డవాళ్ళని కాపాడు" అని మొదలుపెట్టింది ఆ అమ్మాయి. "ఎదురొచ్చేవాళ్ళని కాపాడు. పక్కన నడిచేవాళ్ళని కాపాడు. ఆ తరవాత మమ్మల్ని కాపాడు."

మా నాన్న వరసలో ఆ మొదటి మాట లేదు. ఆమెన్ అన్నాను నేను. ఆ అమ్మాయి తాళం తిప్పింది.